గేము మాయమైందా? మళ్లీ కొనకండి, ముందు అకౌంటు చూడండి

డ్యూటీ దిగి, స్నానం చేసి, వండుకుని తిన్నాక పడుకునే లోపు మనకు మిగిలేది గంటో, గంటన్నరో. ఆ గంటలో ఇంటికి ఫోను చేసుకునేవాళ్లు కొందరు, సినిమా చూసేవాళ్లు కొందరు. ల్యాప్‌టాప్ ముందు కూర్చుని గేములు ఆడుకునే తమ్ముళ్లు కూడా మన క్యాంపుల్లో ఇప్పుడు తక్కువేం లేరు. సోనాపూర్, అల్‌కూజ్, జెబెల్ అలీ, షార్జాలో సజా, అబుదాబిలో ముసఫా, ఎక్కడికి వెళ్లినా చాలా రూముల్లో మంచం మీద ఒక పాత ల్యాప్‌టాప్ కనిపిస్తోంది.

దానితో పాటే ఒక ఫిర్యాదు కూడా వినిపిస్తోంది. "అన్నా, నిన్నటిదాకా ఉన్న గేము ఇవాళ లిస్టులో లేదు. డబ్బు పెట్టి కొన్నది. ఏం చేయాలి?"

ఇలాంటప్పుడు మనవాళ్లు చేసే పనులు మూడు. ఒకటి, అదే గేముని మళ్లీ డబ్బు పెట్టి కొనడం. రెండు, ల్యాప్‌టాప్‌ని ఫార్మాట్ కొట్టించడం. మూడు, "నాకు తెలుసు, ఇటివ్వు" అన్నవాడికి పాస్‌వర్డు చెప్పేయడం. ఈ మూడూ నష్టం తెచ్చే పనులే. గేము నిజంగా పోయిన సందర్భాలు తక్కువ. అది ఉన్నచోటే ఉంటుంది, మనం చూడాల్సిన చోట చూడం, అంతే. ఎక్కడ చూడాలో, ఏ వరసలో చూడాలో ఈ వారం చెప్పుకుందాం.

గేముకి రెండు భాగాలు

కంప్యూటర్ గేములు ఇప్పుడు సీడీల్లో దొరకడం దాదాపు పోయింది. లాంచర్ అనే ప్రోగ్రాము వేసుకుని, దాంట్లోనే కొనుక్కుని, దాంట్లోంచే దించుకుని ఆడాలి. వీటిలో పాతది, పెద్దది స్టీమ్. అమెరికాకు చెందిన వాల్వ్ కంపెనీ 2003 సెప్టెంబరులో మొదలుపెట్టింది. తరువాత 2018 డిసెంబరులో ఎపిక్ గేమ్స్ స్టోర్ వచ్చింది. వారం వారం ఏదో ఒక గేము ఉచితంగా ఇస్తుంది కాబట్టి మనవాళ్లలో చాలామందికి ఇది కూడా తెలుసు. మనం కొన్న గేములన్నీ వరసగా కనిపించే పేజీని ఇందులో లైబ్రరీ అంటారు.

ముఖ్యమైన సంగతి ఒక్కటే. మీ గేముకి రెండు భాగాలు ఉంటాయి. ఒకటి హక్కు. అంటే "ఈ మనిషి ఈ గేము కొన్నాడు" అన్న రాత. అది మీ ల్యాప్‌టాప్‌లో ఉండదు, కంపెనీ వాళ్ల సర్వర్‌లో మీ అకౌంటు పేరు మీద ఉంటుంది. రెండోది సరుకు. అంటే మీ హార్డ్ డిస్కులో నలభై, యాభై జీబీలు ఆక్రమించి కూర్చున్న ఫైళ్లు.

మన భాషలో చెప్పాలంటే అకౌంటు లేబర్ కార్డు లాంటిది, డిస్కులో ఫైళ్లు క్యాంపులో మంచం లాంటివి. రూము మారితే మంచం మారుతుంది. ఒక్కోసారి రెండు రోజులు మంచమే దొరకదు. అంతమాత్రాన కార్డు పోయినట్టు కాదు. కార్డు మన జేబులో ఉంటే మంచం ఇవాళ కాకపోతే రేపు వస్తుంది. కార్డే ఇంకొకడి చేతిలో ఉంటే మాత్రం ఎంత మంచి మంచం ఉన్నా మనది కాదు.

కాబట్టి గేము కనబడకపోతే వేసుకోవాల్సిన మొదటి ప్రశ్న: పోయింది హక్కా, సరుకా?

దీన్ని తేల్చడానికి ఒక సులువైన పరీక్ష ఉంది. స్టీమ్‌లో స్టోర్ పేజీకి వెళ్లి ఆ గేము పేరు వెతకండి. గేము పేజీలో "ఇన్ లైబ్రరీ" అని కనిపిస్తే హక్కు మీ దగ్గరే ఉంది, నిశ్చింతగా ఉండండి. అలా కాకుండా ధర చూపించి "యాడ్ టు కార్ట్" అంటే, ఇప్పుడు తెరిచి ఉన్న అకౌంటులో ఆ గేము లేదన్నమాట. అక్కడే ఆగండి. కార్టు మీద నొక్కకండి. కింద చెప్పినవన్నీ చూసుకున్నాకే డబ్బు మాట.

ముందు చూడాల్సింది: ఎవరి అకౌంటు తెరిచి ఉంది?

ఒక ల్యాప్‌టాప్ మీద నలుగురు ఆడే రూములు మనవి. రాత్రి షిఫ్టువాడు పగలు ఆడతాడు, పగటి షిఫ్టువాడు రాత్రి ఆడతాడు. మీ తరువాత కూర్చున్న తమ్ముడు తన అకౌంటులోకి వెళ్లి, బయటికి రాకుండా మూత వేసి పడుకుంటే, తెల్లారి మీరు తెరిచేసరికి కనిపించేది అతని లైబ్రరీ. మీ గేములు ఒక్కటీ ఉండవు. గుండె ఝల్లుమంటుంది.

స్టీమ్ పైన కుడి చేతి మూలన అకౌంటు పేరు ఉంటుంది. అది మీదేనా అని చూడండి. కాకపోతే "చేంజ్ అకౌంట్" నొక్కితే, ఆ ల్యాప్‌టాప్‌లో గుర్తుపెట్టుకున్న అకౌంట్లన్నీ వరసగా వస్తాయి. మీది ఎంచుకోండి. చాలామంది సమస్య ఇక్కడే తీరిపోతుంది.

పేరు ఒకేలా ఉన్నా మోసపోవద్దు. పైకి కనిపించే పేరు ఎవరైనా ఏదైనా పెట్టుకోవచ్చు. అసలు గుర్తు లాగిన్ పేరు, దానికి కట్టి ఉన్న ఈమెయిలు. అవి "అకౌంట్ డీటెయిల్స్" అనే పేజీలో ఉంటాయి.

ఎపిక్‌లో ఇంకో చిక్కు ఉంది. దాంట్లోకి ఈమెయిలుతో వెళ్లొచ్చు, గూగుల్‌తో వెళ్లొచ్చు, ఫేస్‌బుక్‌తో కూడా వెళ్లొచ్చు. మొదటిసారి గూగుల్ గుర్తు నొక్కి వెళ్లి, ఆరు నెలల తరువాత వేరే ఈమెయిలుతో వెళితే అది కొత్త అకౌంటు తెరిచేస్తుంది. ఖాళీ లైబ్రరీ చూసి గేములన్నీ పోయాయని అనుకుంటాం. అవి పోలేదు, పాత అకౌంటులో ఉన్నాయి.

ఏ ఈమెయిలుతో కొన్నామో గుర్తు లేకపోతే మీకున్న ప్రతి మెయిల్ బాక్సు తెరిచి "స్టీమ్" అని, "ఎపిక్ గేమ్స్" అని ఇంగ్లీషులో వెతకండి. కొన్నప్పుడు రసీదు మెయిల్ వస్తుంది. ఎపిక్ ఉచితంగా ఇచ్చిన గేముకి కూడా రసీదు పంపుతుంది. రసీదు ఏ మెయిల్‌కి వచ్చిందో ఆ మెయిల్ మీద ఉన్నదే మీ అకౌంటు.

రెండోది: ఉన్నది కనబడకుండా దాగిందా?

అకౌంటు మీదే, అయినా గేము లిస్టులో లేదు. అప్పుడు లైబ్రరీ పేజీనే జాగ్రత్తగా చూడండి.

గేముల పేర్లకు పైన వెతుకులాట గడి ఒకటి ఉంటుంది. ఎప్పుడో టైపు చేసిన రెండక్షరాలు అందులో మిగిలిపోతే, ఆ అక్షరాలున్న గేములే కనిపిస్తాయి. ఆ గడి ఖాళీ చేయండి.

దాని పక్కన ఒక చిన్న గుర్తు ఉంటుంది. దాన్ని నొక్కితే "రెడీ టు ప్లే" గేములు, అంటే ఇప్పటికిప్పుడు ఆడడానికి సిద్ధంగా ఉన్నవి మాత్రమే చూపిస్తుంది. మౌసు జారి అది నొక్కుకుపోతే, దించుకోని గేములన్నీ కనుమరుగవుతాయి. ఇంకోసారి నొక్కితే వెనక్కి వస్తాయి. వివరంగా వడపోసే ఫిల్టర్ గుర్తు కూడా అక్కడే ఉంటుంది. అందులో ఏవైనా టిక్కులు ఉంటే తీసేయండి.

ఇవి కాక, గేముని కావాలని దాచే ఏర్పాటు కూడా స్టీమ్‌లో ఉంది. పైన "వ్యూ" మెనూలో "హిడెన్ గేమ్స్" అని ఉంటుంది. అది తెరిస్తే దాచిన గేములు వస్తాయి. మీ గేము అక్కడ ఉంటే దాని మీద కుడి క్లిక్ చేసి, "మేనేజ్" లోకి వెళ్లి, దాచిన వాటిలోంచి తీసేయమని చెప్పండి. రూములో ఎవరో సరదాకి చేసినా, తెలియక చేసినా విరుగుడు ఇదే.

వీటన్నింటికీ మించిన సాక్ష్యం ఒకటుంది. అకౌంట్ డీటెయిల్స్‌లో "లైసెన్సులు" అనే పేజీ. మీ అకౌంటుకి ఏ గేము ఏ తేదీన వచ్చిందో, కొన్నదా, బహుమతిగా వచ్చిందా, కోడ్ కొట్టి ఎక్కించిందా అన్నీ అందులో రాసి ఉంటాయి. పక్కనే కొనుగోళ్ల చరిత్ర కూడా ఉంటుంది. భూమికి పహాణీ ఎలాగో, గేములకు ఈ పేజీ అలాగన్నమాట. అందులో పేరు ఉంటే గేము ఉన్నట్టే.

మూడోది: హక్కు ఉంది, సరుకు కనబడడం లేదు

లిస్టులో గేము పేరు ఉంది కానీ మసకగా ఉంది, "ప్లే" బదులు "ఇన్‌స్టాల్" అంటోంది. ఇది డిస్కు సమస్య.

పాత ల్యాప్‌టాప్‌ల డిస్కులు చిన్నవి కాబట్టి మనవాళ్లు బయటి హార్డ్ డిస్కులో గేములు పెట్టుకుంటారు. ఆ వైరు ఊడినా, దాన్ని పక్క రూమువాడు సినిమాల కోసం తీసుకెళ్లినా గేములన్నీ లేనట్టే చూపిస్తుంది. డిస్కు తిరిగి పెట్టినా ఒక్కోసారి కనబడవు. ఇంతకుముందు ఇ డ్రైవుగా ఉన్నది ఇప్పుడు ఎఫ్ డ్రైవుగా రావడం వల్ల స్టీమ్‌కి దారి తెలియదు.

అప్పుడు ఇలా చేయండి. స్టీమ్ పూర్తిగా మూసి, డిస్కు పెట్టి, మళ్లీ తెరవండి. "సెట్టింగ్స్" లో "స్టోరేజ్" కి వెళ్లండి. పైన డ్రైవుల వరస ఉంటుంది. మీ బయటి డిస్కు అందులో లేకపోతే "యాడ్ డ్రైవ్" అని దాన్ని చూపించండి. ఆ డిస్కులో స్టీమ్ లైబ్రరీ ఫోల్డరు అలాగే ఉంటే, అందులో ఉన్న గేముల్ని గుర్తుపట్టి లిస్టులో వెలిగిస్తుంది.

అప్పటికీ "ఇన్‌స్టాల్" అనే అంటుంటే భయపడి కొత్తగా దించకండి. ఇన్‌స్టాల్ నొక్కి, ఇంతకుముందు గేము ఏ డిస్కులో ఉందో అదే డిస్కు ఎంచుకోండి. పాత ఫైళ్లు అక్కడే ఉంటే స్టీమ్ వాటిని సరిచూసుకుని, తక్కువ పడినవి మాత్రమే దించుకుంటుంది. యాభై జీబీ గేముని మొబైల్ డేటా మీద రెండోసారి దించితే ఎంత ఖర్చో మీకు మేము చెప్పనక్కర్లేదు. ఒక్క నిమిషం ఓపిక పడితే ఆ డబ్బు ఇంటికి పంపించుకోవచ్చు.

ఫార్మాట్ మాట ఎత్తేవాళ్లతో జాగ్రత్త. ఫార్మాట్ చేస్తే హక్కు పోదు, నిజమే. కానీ సరుకంతా పోతుంది. దాంతో పాటు మీరు గెలిచిన లెవెళ్లు కూడా పోవచ్చు. కొన్ని గేములు ఆ లెక్కని స్టీమ్ క్లౌడ్‌లో దాస్తాయి, అన్నీ దాయవు. స్టోర్‌లో ఆ గేము పేజీ చూస్తే "స్టీమ్ క్లౌడ్" అని రాసి ఉందో లేదో తెలుస్తుంది. లేకపోతే ముందు ఆ ఫైళ్లు వేరే డిస్కులోకి ఎక్కించుకోవాలి.

రూములో ఇద్దరి దగ్గర ఒకే గేము ఉన్నప్పుడు పనికొచ్చే ఇంకో సంగతి. ఒక ల్యాప్‌టాప్ నుంచి ఇంకో ల్యాప్‌టాప్‌కి, ఒకే రూటరు మీద ఉంటే, గేము ఫైళ్లు నేరుగా పంపుకునే సదుపాయాన్ని స్టీమ్ 2023లో తెచ్చింది. సెట్టింగ్స్‌లో "డౌన్‌లోడ్స్" కింద ఉంటుంది. ఇద్దరూ ఆ గేము కొనుక్కున్నవాళ్లే అయి ఉండాలి. మనలో మనకు సరుకు రవాణా కాబట్టి ఇంటర్నెట్ డేటా పెద్దగా ఖర్చు కాదు. క్యాంపు వైఫైలో ఒక కంప్యూటరుకి ఇంకో కంప్యూటరు కనబడకుండా కట్టడి పెట్టి ఉంటే మాత్రం ఇది నడవదు.

ఇంకొక మాట. మీ ల్యాప్‌టాప్‌లో ఇప్పటికీ విండోస్ 7 గానీ, 8 గానీ ఉందా? 2024 జనవరి 1 నుంచి ఆ విండోస్‌లకు స్టీమ్ మద్దతు ఆపేసింది. లాంచరే సరిగా తెరుచుకోకపోతే గేములు ఎలా కనిపిస్తాయి? తప్పు గేముది కాదు, అకౌంటుదీ కాదు. కొత్త విండోస్ ఎక్కించాలి. సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్ కొనేటప్పుడే ఇది అడిగి చూసుకోవాలి.

నాలుగోది: హక్కే నిజంగా పోయిన సందర్భాలు

ఇవి తక్కువ, కానీ ఉన్నాయి.

కొన్ని గేముల్ని శని, ఆదివారాలకు మాత్రం ఉచితంగా ఆడనిస్తారు. దీన్ని ఫ్రీ వీకెండ్ అంటారు. గడువు అయిపోగానే హక్కు ముగుస్తుంది. అది మన గేము కాదు, రెండు రోజుల విజిట్ వీసా అనుకోండి.

డబ్బు వాపసు తీసుకున్నా గేము వెళ్లిపోతుంది. స్టీమ్‌లో కొన్న 14 రోజుల లోపు, రెండు గంటల కంటే తక్కువ ఆడి ఉంటే డబ్బు వెనక్కి అడగొచ్చు. ఈ నియమం తెలియక, నచ్చని గేముకి డబ్బు పోగొట్టుకున్నామని బాధపడేవాళ్లు చాలామంది. మీ అకౌంటు తెలిసిన ఇంకెవరైనా అలా వాపసు అడిగినా గేము పోతుంది. కొనుగోళ్ల చరిత్రలో ఆ సంగతి కనిపిస్తుంది.

చవకగా వస్తుందని ఎక్కడో కోడ్ కొనుక్కుని ఎక్కించినవాళ్లకు ఇంకో దెబ్బ. ఆ కోడ్ దొంగిలించిన బ్యాంకు కార్డుతో కొన్నదని తేలితే దాన్ని రద్దు చేస్తారు. మీరు డబ్బు ఇచ్చింది నిజమే, కానీ ఇచ్చింది దొంగకి.

ఇక కుటుంబ వాటా. ఒకరు కొన్న గేములు ఇంట్లో మిగతావాళ్లు ఆడుకునే "స్టీమ్ ఫ్యామిలీస్" అనే పద్ధతి 2024లో వచ్చింది. అత్యధికంగా 6 మంది ఉండొచ్చు. ఎవరి గేములు వాళ్లవే, మిగతావాళ్లకు అరువు. గేము యజమాని గుంపులోంచి వెళ్లిపోతే అతని గేములన్నీ మీ లిస్టులోంచి వెళ్లిపోతాయి. "నా గేములు పోయాయి" అని మొత్తుకునేవాళ్లలో కొందరివి అసలు వాళ్ల గేములే కావు.

ఈ పద్ధతి ఒకే ఇంట్లో ఉండే కుటుంబం కోసం పెట్టింది, రూమ్‌మేట్ల కోసం కాదు. ఒకసారి గుంపు వదిలిపెడితే, ఆ గుంపులో చేరిన రోజు నుంచి ఏడాది నిండేదాకా ఇంకో గుంపులో చేరలేరు. ఇంకా ప్రమాదం ఏమిటంటే, మీ గేము అరువు తీసుకున్నవాడు ఆటలో మోసం చేసి దొరికితే, ఆ గేములో మీ మీద కూడా నిషేధం పడుతుంది. ఆరు నెలలకో రూము మారే మనకు, నిన్న పరిచయమైనవాడితో ఇలాంటి ముడి మంచిది కాదు.

కంపెనీయే గేముని వెనక్కి తీసుకున్న సందర్భం కూడా ఉంది. యూబీసాఫ్ట్ వాళ్ల "ది క్రూ" అనే కారు పందేల గేము 2014 డిసెంబరులో వచ్చింది. 2024 మార్చి 31న దాని సర్వర్లు మూసేశారు. తరువాత కొన్నవాళ్ల లైబ్రరీల్లోంచి హక్కులు కూడా తీసేశారు. దాని మీద చాలా దేశాల్లో ఆటగాళ్లు ఆందోళన చేశారు. మనం కొంటున్నది గేము కాదు, ఆడుకునే అనుమతి మాత్రమే అని కొనేవాళ్లకు స్పష్టంగా చెప్పాలంటూ అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రం 2024లో ఒక చట్టం చేసింది. అది 2025 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. స్టీమ్ కూడా కొనే చోట ఆ మాట రాసి పెడుతోంది. క్యాంపులో మంచం మీద పడుకునే హక్కు మనది, మంచం మనది కాదు. ఇదీ అలాంటిదే. ఎంత ఖర్చు పెట్టాలో ఇది తెలుసుకుని నిర్ణయించుకోవాలి.

అన్నింటికంటే పెద్ద మోసం: అకౌంటు అమ్మకం

"ల్యాప్‌టాప్‌తో పాటు యాభై గేములు ఫ్రీ" అని అమ్మేవాళ్లు ఉన్నారు. ల్యాప్‌టాప్ తెరిస్తే లైబ్రరీ నిండా గేములు. కొన్నవాడు పండగ చేసుకుంటాడు. రెండు నెలలు గడుస్తాయి. ఒక రోజు పాస్‌వర్డు తప్పు అంటుంది. అమ్మినవాడి ఫోను కలవదు.

జరిగింది ఏమిటంటే, ఆ అకౌంటు మొదట ఎవరు తెరిచారో వాళ్ల దగ్గర పాత ఈమెయిలు, మొదట కొన్న రసీదులు ఉంటాయి. అవి చూపించి వాళ్లు అకౌంటు వెనక్కి తీసుకోగలరు. మళ్లీ ఇంకొకరికి అమ్మగలరు. మీరు ఫిర్యాదు చేయలేరు. ఎందుకంటే అకౌంట్లు అమ్మడం, కొనడం, ఇంకొకరికి బదిలీ చేయడం స్టీమ్ ఒప్పందానికే విరుద్ధం. ఏ ఆధారం చూపించి అడుగుతారు?

ఇంకొకడి పేరు మీద ఉన్న కార్డుతో డ్యూటీకి వెళ్లి పట్టుబడితే జీతం అడిగే నోరు ఉండదు కదా. ఇదీ అంతే. మీ ఈమెయిలుతో, మీ చేత్తో తెరిచిన అకౌంటులో ఉన్న ఒక్క గేము, ఎవడో ఇచ్చిన అకౌంటులో ఉన్న యాభై గేముల కన్నా మేలు.

సిమ్ మారేటప్పుడు, ఎగ్జిట్ అయ్యేటప్పుడు

మనవాళ్ల గేములు నిజంగా చేజారే సందు ఇది. స్టీమ్ గార్డ్ అనే కాపలా ఉంటుంది. కొత్త చోట లాగిన్ అయితే ఫోనులోని యాప్ నుంచో, ఈమెయిలు నుంచో కోడ్ అడుగుతుంది. మంచి ఏర్పాటే. కానీ మనం ఇక్కడి సిమ్ నెంబరు ఇచ్చి ఉంటాం. వీసా క్యాన్సిల్ అయి ఇంటికి వెళ్లాక ఆ సిమ్ ఆగిపోతుంది. ఫోను కూడా మారుస్తాం. ఆ తరువాత జగిత్యాలలోనో, కడపలోనో, రాజోలులోనో కూర్చుని ల్యాప్‌టాప్ తెరిస్తే, రాని నెంబరుకి కోడ్ పంపానంటుంది.

కాబట్టి టికెట్ చేతికి రాగానే చేయాల్సిన పనులు ఇవి. అకౌంటులో ఫోను నెంబరుని ఇండియా నెంబరుగా మార్చుకోండి. అకౌంటుకి కట్టిన ఈమెయిలు పాస్‌వర్డు గుర్తుందో లేదో ఒకసారి తెరిచి చూసుకోండి. స్టీమ్ యాప్‌లో స్టీమ్ గార్డ్ సెట్టింగ్స్‌లో "రికవరీ కోడ్" ఉంటుంది, అది ఇంగ్లీషు ఆర్ అక్షరంతో మొదలవుతుంది. దాన్ని పాస్‌పోర్టు జిరాక్సులు పెట్టే కవరులో కాగితం మీద రాసి పెట్టుకోండి. ఫోను పోయినా ఆ కోడ్‌తో కాపలా తీయించుకోవచ్చు. ఆ కాగితం ఇంకెవరికీ చూపించకండి.

దేశం మారితే స్టోర్ ధరలు కూడా దిర్హంల నుంచి రూపాయల్లోకి మారాలి. నిజంగా మకాం మారాక, కొత్త దేశపు కార్డుతో ఒక కొనుగోలు చేసి మార్చుకోవచ్చు. మూడు నెలలకు ఒకసారి కంటే ఎక్కువ మార్చనివ్వరు. పాత గేములు మామూలుగా మీతోనే వస్తాయి.

ఇండియాలో చవక అని ఇక్కడ కూర్చుని వీపీఎన్ పెట్టి కొనే ఆలోచన మాత్రం వద్దు. అది స్టీమ్ నియమాలకు విరుద్ధం, అకౌంటు మీద ఆంక్ష పడొచ్చు. పైగా మనం ఉన్నది ఎమిరేట్స్‌లో. నేరం చేయడానికి గానీ, దాన్ని కప్పిపుచ్చడానికి గానీ వీపీఎన్‌తో ఐపీ అడ్రసు మార్చి వాడితే 2021 నాటి సైబర్ నేరాల చట్టం కింద జరిమానా 5 లక్షల దిర్హంల నుంచి మొదలై 20 లక్షల దాకా ఉంటుంది, జైలు కూడా పడొచ్చు. పది దిర్హంలు మిగులుతాయని ఆ చట్టం దగ్గరికి వెళ్లడం తెలివైన పని కాదు.

సహాయం ఎవరిని అడగాలి?

ఇవన్నీ చూశాక కూడా గేము దొరకకపోతే స్టీమ్ సపోర్ట్‌కే రాయాలి. లాంచర్ పైన "హెల్ప్" మెనూలోనే దారి ఉంది. డబ్బు అడగరు. గేము పేరు, కొన్న తేదీ, రసీదు మెయిల్, ఏ పద్ధతిలో డబ్బు కట్టారో రాయండి. కోడ్ కొట్టి ఎక్కించి ఉంటే ఆ కోడ్ ఉన్న కాగితం ఫోటో తీసి పెట్టండి. ఇంగ్లీషు బాగా రాకపోయినా ఫర్వాలేదు, చిన్న చిన్న మాటల్లో రాస్తే చాలు.

స్టీమ్‌కి ఫోనులో మాట్లాడే కస్టమర్ కేర్ లేదు. కాబట్టి "స్టీమ్ నుంచి మాట్లాడుతున్నాం, మీ గేములు తెప్పిస్తాం, వచ్చిన కోడ్ చెప్పండి" అని ఎవరైనా ఫోను చేసినా, వాట్సాప్‌లో రాసినా అది నూటికి నూరుపాళ్లు మోసం. బ్యాంకు ఓటీపీ చెప్పకూడదని మనకు తెలుసు. ఈ కోడ్ కూడా అలాంటిదే. రూములో ఎంత దగ్గరివాడైనా పాస్‌వర్డు చెప్పి చేయించుకోవద్దు. పక్కన కూర్చోబెట్టుకుని, అతను చెబుతుంటే మీ చేత్తో మీరే నొక్కండి. పనీ అవుతుంది, నేర్చుకున్నట్టూ ఉంటుంది.

ఒక్క చూపులో వరస

1. కుడి మూలన అకౌంటు పేరు మీదేనా?
2. వెతుకులాట గడి ఖాళీగా ఉందా? "రెడీ టు ప్లే", ఫిల్టర్లు తీసి ఉన్నాయా?
3. "వ్యూ" మెనూలో హిడెన్ గేమ్స్ చూశారా?
4. స్టోర్ పేజీలో "ఇన్ లైబ్రరీ" అంటోందా?
5. లైసెన్సుల పేజీలో గేము పేరు ఉందా?
6. బయటి హార్డ్ డిస్కు పెట్టి ఉందా? "స్టోరేజ్" లో కనిపిస్తోందా?
7. ఆ గేము మీరు కొన్నదేనా, ఫ్రీ వీకెండా, ఇంకొకరి అరువా?
8. ఏదీ కుదరకపోతే స్టీమ్ సపోర్ట్. మళ్లీ కొనడం అన్నిటికన్నా చివర.

గేములు పెద్ద విషయమా అని పెద్దలు అనొచ్చు. పన్నెండు గంటలు ఎండలో నిలబడి వచ్చినవాడు తన జీతంలోంచి ముప్పై దిర్హంలు తీసి ఒక సరదా కొనుక్కున్నాడంటే అది అతని కష్టార్జితం. దాన్ని ఒకసారే కొనాలి, రెండుసార్లు కాదు. ఊరికే ఎవడికో ధారపోయకూడదు. ఈ పేజీ కత్తిరించి ల్యాప్‌టాప్ సంచిలో పెట్టుకోండి. మీకు అవసరం రాకపోయినా, పై మంచం తమ్ముడికి ఏదో ఒక రాత్రి పనికొస్తుంది.